కూలబోయే కప్పు, పదిహేను రోజుల గడువు

కరోనా సద్దుమణిగిన మరుసటి ఏడాది ఆషాఢంలో, వరంగల్ బజారులో కిరాణా హోల్‌సేల్ చేసే సాంబయ్య సేటు నాకు వకాలత్ ఇచ్చారు. హన్మకొండ కోర్టుల్లో కిరాయి తగాదాలు చూస్తూ వచ్చిన నేను ప్రాక్టీసు విరమించే ఆలోచనలో ఉన్నాను. పని మామూలుదే అనిపించింది. కాశిబుగ్గలోని ఆయన పాత ఇంట్లో కిరాయికి ఉంటున్న ఆటో డ్రైవర్ యాకూబ్ కుటుంబాన్ని ఖాళీ చేయించాలి.

కారణం అడిగితే సేటు ఫోన్‌లో ఫొటోలు చూపించారు. వంటింటి కప్పు పెచ్చులూడి, తుప్పుపట్టిన చువ్వలు బయటపడి ఉన్నాయి.

“కూలి ఎవలన్న సస్తే నా పానం మీదికి వస్తది మేడం. ఇయ్యాల్నే ఖాళీ జేపియ్యుండ్రి” అన్నారు.

ఇవాళే కుదరదని చెప్పాను. నెలవారీ కిరాయిదారును వెళ్లమనాలంటే, కిరాయి రద్దు చేస్తున్నట్టు ముందుగా రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి. అది అందిన నాటి నుంచి పదిహేను రోజుల గడువు. గడువు తీరినా మనిషి కదలకపోతే యజమాని తానే సామాను బయట పెట్టడానికి వీల్లేదు. కిరాయి తగాదాలు విచారించే న్యాయాధికారిని రెంట్ కంట్రోలర్ అంటారు. ఆయన ముందు పిటిషన్ వేసి, ఉత్తర్వు తెచ్చుకుని, దాన్ని అమలు చేసే కోర్టు అమీను ద్వారానే స్వాధీనం తీసుకోవాలి. అందుకు నెలలు పడుతుంది.

“ముసురు నెలల దాంక ఆగుతదా మేడం?” అన్నారు సేటు.

నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. యాకూబ్ సంతకంతో రసీదు కార్డు తిరిగొచ్చింది కానీ, అతను ఇల్లు వెతుకుతున్న జాడ లేదు. ఇంతలో ముసురు పట్టుకుంది. సేటు రోజూ ఫోన్ చేసేవారు. ఒక మధ్యాహ్నం “కరెంటు, నల్లా బంద్ వెడ్త. వాళ్లే వోతరు” అన్నారు. కిరాయిదారుకు ఆ వసతులు ఆపడం చట్టవిరుద్ధమని, అలా చేస్తే మనమే ముద్దాయిలమవుతామని గట్టిగా చెప్పాను.

“మరి అది మీద వడితే ఎవల మెడకు?”

ఆ పూట కోర్టులో వేరే కేసులో వాదిస్తున్నానన్న మాటే గానీ, చెవులు మాత్రం వాన చప్పుడు మీదే ఉన్నాయి.

మర్నాడు సేటును వెంటబెట్టుకుని ఆ ఇంటికి వెళ్లాను. ఎదుటి పక్షం గడప తొక్కడం మా వృత్తిలో రివాజు కాదు. అందుకే వాకిట్లోనే నిలబడ్డాను. ముందు గదిలో మంచం మీద యాకూబ్ తల్లి ఉంది. తుంటి విరగడంతో ఆమె మంచం దిగలేదు, లేచి నిలబడే వీలు లేదు. అతని భార్య షాహెదా గ్యాస్ పొయ్యిని ఆ మంచం పక్కకే తెచ్చుకుని వండుతోంది. అంటే వంటింటి సంగతి వాళ్లకూ తెలుసు.

“భయం మాకు లేదా మేడం?” అన్నాడు యాకూబ్. “కప్పు దిక్కు జూస్కుంటనే బుక్క తింటానం. గని ఈ గల్లీలనే ఒకలు రిపేర్ అంటె నమ్మి ఖాళీ జేసిండ్రు. ఇంటి ఓనరు మల్ల తాళం తియ్యలె. ఒక్కపారి గడప దాటితే మేమెవలం?”

నోటీసులో వెళ్లమని ఉంది, మళ్లీ రావచ్చని లేదు. మరమ్మతు కోసం ఖాళీ చేసిన కిరాయిదారు తిరిగి చేరడానికి చట్టంలోనే దారి ఉంది. సేటును పక్కకు పిలిచి, మీకు కావలసింది ఇల్లా, లేక వీళ్లు ఆ కప్పు కింద లేకపోవడమా అని అడిగాను.

“కరోనాల మా ఇంటి మొకం ఎవలు సూడలె. షాహెదా ఒక్కతే గల్మల గడప కాడ అన్నం గిన్నె వెట్టి పోయింది” అన్నారు. తర్వాత, “రిపేరైనంక మల్ల రానియ్యుండ్రి మేడం” అన్నారు.

నోటీసు వెనక్కి తీసుకుని, రాజీ రాసుకుందామని యాకూబ్‌తో చెప్పాను.

“మీరు సేటు వకీలు. మీ కాగితం నేనెట్ల నమ్మాలె?”

నమ్మొద్దనే చెప్పాను. న్యాయ సేవాధికార సంస్థ వాళ్లు ఉచితంగా వకీలును ఇస్తారు, ఆయన చదివి సరేనన్నాకే సంతకం పెట్టమన్నాను. దావా వేయకముందే లోక్ అదాలత్‌లో రాజీ పడితే అక్కడిచ్చే అవార్డుకు కోర్టు డిక్రీతో సమానమైన బలం ఉంటుంది. ఎవరు మాట తప్పినా దాన్ని నేరుగా అమలు చేయించుకోవచ్చు.

లోక్ అదాలత్ బెంచి కూర్చునే రోజు దాకా వాన తెరిపి ఇవ్వలేదు. ఫోన్ మోగితే చాలు, కప్పు కూలిందనే అనుకునేదాన్ని. ఉచిత వకీలు చదివి సరేనన్నా, సంతకం దగ్గర యాకూబ్ కలం ఆపి, పాత కిరాయికే తిరిగి వస్తామని రాయమన్నాడు. సేటు నా వైపు చూశారు, చివరికి తలూపారు. ఆ సాయంత్రమే తల్లిని మంచంతో సహా ట్రాలీ ఆటోలో ఎక్కించుకుని కాజీపేటలో షాహెదా అన్న ఇంటికి వెళ్లారు.

వాన తెరిపిచ్చాక మేస్త్రీ గడ్డపారతో మొదటి పోటు పొడవగానే వంటింటి కప్పు సగం ఒక్కసారిగా కిందికొచ్చింది.

దసరా దాటాక ఇల్లు తయారైంది. ఎక్కువ కిరాయి ఇస్తామని ఎవరో వచ్చారట. వాళ్లకు ఇవ్వొచ్చా అని సేటు ఒకసారి అడిగారు. అవార్డు ఉందని గుర్తుచేశాను. ఆయన మళ్లీ ఆ మాట ఎత్తలేదు. యాకూబ్ కుటుంబం తిరిగి ఆ ఇంట్లో చేరింది.

ఆ తర్వాత నేను పనిచేసిన కొద్దికాలంలో, ఖాళీ చేయించమని ఎవరొచ్చినా నోటీసు రాసే ముందు కిరాయిదారు దేనికి భయపడుతున్నాడని అడిగేదాన్ని. ఎన్ని రోజుల గడువు ఇవ్వాలో చట్టం చెబుతుంది. ఆ గడువులో మనిషి ఎందుకు కదలడం లేదో మాత్రం వకీలే వెళ్లి తెలుసుకోవాలి.