వాళ్ళు అలా నడవలేదు

మా పక్క ఫ్లాట్ తాతగారు మంగళవారం పొద్దున పోయారు. ఆయన ఉండగా సరిచేయాల్సిన తప్పొకటి నా దగ్గర మిగిలిపోయింది. ఇంకా ఆలస్యం చేస్తే నా మొహం నేను చూసుకోలేను. అందుకే ఆగస్టు వేడుక రోజు హాల్లో ఉన్న మీ అందరికీ రాస్తున్నాను.

చదువు కోసం జెర్సీ సిటీ వచ్చిన కొత్తలో ఆయన లిఫ్ట్‌లో పరిచయమయ్యారు. లైబ్రరీలో పాత ఫిల్ములను కంప్యూటర్‌లోకి ఎక్కించే పని చేస్తున్నానంటే, పంచె ముక్కలో చుట్టిన రేకు డబ్బా తెచ్చిచ్చారు. అందులో ఉన్నది, స్వతంత్రం వచ్చిన కొత్తల్లో ఢిల్లీలో జరిగిన సైనిక కవాతు. శబ్దం లేని ఫిల్ము. తెలిసిన స్టూడియోలో కెమెరా అడిగి తెచ్చుకుని ఆయనే తీశారట. మూడో వరుస చివర నడిచేది ఆయన అన్నయ్య. తర్వాత యుద్ధానికి వెళ్ళి తిరిగి రాలేదు.

"వేగం చూసుకోమ్మా. ఆ కెమెరా నింపాదిగా తిరిగేది. చదువుకున్నదానివి, నీ చేతిలో పెడితే నాకు బెంగ లేదు."

వేగమంటే ఏమిటో నాకు అర్థం కాలేదు. అడగలేదు. మా ఇంట్లో బడికెళ్ళిన మొదటిదాన్ని నేను. తెలియదని చెప్పడం నాకింకా చేతకాదు.

ఆగస్టు పదిహేను వేడుకలో ఆ ఫిల్ము వేశాం. సెకనుకు పదహారు బొమ్మల లెక్కన తీసినదాన్ని ఇరవై నాలుగు లెక్కన నడిపాను. సైనికులు టకటకా పరుగులు తీశారు.

"ఏంట్రా, ట్రైన్ మిస్ అవుతున్నారా?" అన్నారు వెనకనుంచి ఎవరో. హాలంతా నవ్వింది. నేనూ నవ్వాను.

ముందు వరుసలో తాతగారు కుర్చీ చేతిమీద వేలితో మెల్లగా తాళం వేస్తున్నారు. తెరమీది అడుగు ఒక్కటీ దానికి కలవలేదు. ఇంటికొచ్చి కారు దిగుతూ, "వాళ్ళు అలా నడవలేదమ్మా," అన్నారంతే.

"ఈ వీకెండ్ సరిచేస్తాను తాతగారూ!"

తర్వాత పరీక్షలు, ఇంటర్వ్యూలు. ఆయన ఒక్కసారి కూడా గుర్తుచేయలేదు. శనివారాలు తలుపు తట్టి పులిహోర ఇచ్చి, "తిన్నావా?" అని మాత్రం అడిగేవారు. ఆయనకి ఎదురుపడకుండా, లిఫ్ట్ మానేసి మెట్లెక్కడం మొదలుపెట్టాను.

బుధవారం సరిచేశాను. ఇరవై నిమిషాల పని.

మూడో వరుస ఇప్పుడు నింపాదిగా వస్తోంది. అప్పుడు కనపడనిదొకటి కనపడింది. ఆ అన్నయ్య ఒక్క క్షణం కెమెరా వైపు చూస్తాడు. దాని వెనకున్న తమ్ముణ్ణి చూసి, నవ్వకూడని చోట, కొంచెంగా నవ్వుతాడు.

నెలాఖరు ఆదివారం అదే హాల్లో మళ్ళీ వేస్తున్నాను. వస్తారో రారో ఇరవయ్యో తేదీలోగా నాకు చెప్పండి.