మామ్మ ముందు పాస్తా పరీక్ష

ఆ రోజుల్లో (మరీ పాతరోజులేమీ కావు, ఫోన్లో వీడియో ఆగకుండా ఆడాలంటే డాబా ఎక్కి నీళ్ల ట్యాంకు పక్కన నిలబడాల్సిన రోజులు) మా అమలాపురం చుట్టుపక్కల ఒకరింటికి భోజనానికి వెళ్లి వంట బాగోలేదని చెప్పిన మనిషి లేడు. ఇప్పుడూ లేడనుకోండి. కూరలో ఉప్పు రెండుసార్లు పడినా సరే, "ఆయ్, చాలా బాగుందండి, కొంచెం మజ్జిగుంటే ఇప్పించండి" అంటారు తప్ప అసలు సంగతి బయటపెట్టరు. ఇంత మర్యాదగల చోట పుట్టినవాడికి తన వంట ఎలా ఏడ్చిందో తెలుసుకోవడం ఎంత కష్టమో ఆలోచించండి. నాకు ఇరవయ్యేళ్లు వచ్చేదాకా నేను వేసిన ప్రతి ఆమ్లెట్టునీ చుట్టాలందరూ పొగిడారు. నేను నమ్మాను. ఆ నమ్మకంతోనే, డిగ్రీ పరీక్షలైన వారానికి, విశాఖపట్నంలో వంట నేర్పే కాలేజీలో చేరతానని ఇంట్లో ప్రకటించాను.

మాది మాస్టార్ల ఇల్లు. నాన్నగారు హైస్కూల్లో లెక్కలు చెప్పేవారు, అమ్మ ఎలిమెంటరీ స్కూలు, పెదనాన్నగారు హెడ్మాస్టరుగా రిటైరయ్యారు. నేను బి.ఎడ్. చదువుతానా లేదా అన్నది ఆ ఇంట్లో ఎవరికీ ప్రశ్నగా తోచనే లేదు. నాన్నగారు రెండు దరఖాస్తులూ బల్లమీద పక్కపక్కన పెట్టి, కళ్లజోడు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నారు. "మా అమ్మ ఊళ్లోవాళ్ల చేలల్లో నాట్లేసి, వాళ్ల పెళ్లిళ్లకి గాడిపొయ్యిల దగ్గర వండి మమ్మల్ని చదివించిందిరా. ఆ పొగలోంచి బయటపడి ఇంతదూరం వచ్చేం. నువ్వు మళ్లీ పొయ్యి దగ్గరకే పోతానంటే ఏ చేత్తో సంతకం పెట్టమంటావు?" అన్నారు. జవాబు లేనప్పుడు నోరు మూసుకోవాలన్న జ్ఞానం నాకు లేదు కాబట్టి, "బేకరీలో పొయ్యి దగ్గర నిలబడేవాణ్ణి కూడా మాస్టారనే అంటారు కదా నాన్నగారూ" అన్నాను. ఆయన నవ్వలేదు. చివరికి అమ్మ మధ్యలో పడితే ఒక షరతు పెట్టారు. ఆదివారం నేను ఏదో ఒకటి వండాలి. మామ్మ తిని బాగుందంటే వంట కాలేజీ కాగితం మీద సంతకం. లేకపోతే సోమవారం బి.ఎడ్. దరఖాస్తు పోస్టులో పడుతుంది.

మామ్మంటే నాన్నగారి తల్లి. కోనసీమ మొత్తానికి మొహమాటం లేని మనిషి ఆవిడొక్కర్తే. పెళ్లికూతురి మొహం మీదే చీర రంగు బాగోలేదని చెప్పి వచ్చిన చరిత్ర ఉంది. నాన్నగారు లెక్కల మాస్టారు కదా, గెలిచే లెక్కే వేసుకున్నారని నాకప్పుడే అర్థం కావాల్సింది. నేను మాత్రం ట్యాంకు పక్కన నిలబడి వీడియోలు చూశాను. అందులో ఒక విదేశీ ఇల్లాలు పాస్తా, మొక్కజొన్న గింజలు, పాలు, చీజు కలిపి ట్రేలో పోసి ఓవెన్లో పెట్టి, "ఇది చెయ్యడం అందరికీ వచ్చు, తింటే అమ్మ ఒళ్లో కూర్చున్నట్టుంటుంది" అనే అర్థం వచ్చేలా ఏదో చెప్పింది. మామ్మకి అప్పటికి మిగిలినవి నాలుగైదు పళ్లు. మెత్తగా ఉంటుంది, నమలక్కర్లేదు. ఇంక ఆలోచించలేదు.

ఆదివారం తెల్లవారగానే మొదలుపెట్టాను. పాస్తా ఉడికించాను. వెన్న కరిగించి, మైదా వేయించి, పాలు పోసి గరిటె జారుగా సాస్ కాచాను. మొక్కజొన్న గింజలు మామ్మ పళ్ల లెక్క గుర్తుపెట్టుకుని సగం కచ్చాపచ్చాగా దంచాను. ఉప్పు, మిరియాలపొడి వేసి, అన్నీ కలిపి, పైన చీజు తురిమి, రొట్టెపొడి చల్లాను. అంతా అయ్యాక గుర్తొచ్చింది, మా ఇంట్లో ఓవెన్ లేదని. (వంట కాలేజీకి బయల్దేరినవాడి ముందుచూపు అది.) అమ్మ "కుక్కర్లో ఇసక పోసి అందులో పెట్టుకోరా" అంది. నేను అంతర్జాతీయ వంటవాణ్ణి కదా, ఇసక మాట వినగానే నాకు నామోషీ వేసింది. ట్రే పట్టుకుని బేకరీకి బయల్దేరాను.

మా వైపు క్రిస్మస్ ముందు ప్రతి ఇంట్లోనూ కేకు పిండి కలిపి, ట్రేకి ఇంటిపేరు రాసిన చీటీ అంటించి బేకరీలో ఇస్తారు. అక్కడ బట్టీలో కాల్చి పెడతారు. మా వీధి చివర బేకరీలో ఆ పని చేసే పెద్దాయన్ని అందరం రస్కుల మాస్టారని పిలిచేవాళ్లం. ముప్పై ఏళ్లుగా మా కుటుంబం కేకులన్నీ ఆయన చేతిమీదుగానే పొంగాయి. ట్రే చూడగానే గుర్తుపట్టాడు. "ఇది అమ్మగారి కేకు ట్రే కదండి బాబూ. ఎండాకాలంలో తెచ్చేరేంటండి?" అన్నాడు. కేకు కాదు మాస్టారూ, పాస్తా అని, దీని మీద నా జీవితం ఆధారపడి ఉందని, పైన బంగారురంగు రాగానే తియ్యాలని, మామ్మ సంగతి, సంతకం సంగతి అన్నీ చెప్పాను. "ఆయ్" అన్నాడాయన. మా దగ్గర ఆయ్ అంటే విన్నానని అర్థం. అర్థమైందని కాదు. ఆ తేడా నాకు తెలియనిది కాదు గానీ, చర్చికి టైమైపోతోందని పరిగెత్తాను. ఆ రోజు ప్రార్థనలో లోకక్షేమం గురించి నేను ఒక్క ముక్క అడగలేదు.

ఆరాధన అయి వచ్చేసరికి ట్రే సిద్ధంగా ఉంది. పైన చీజు పొంగి, అంచుల దగ్గర ఎర్రగా కాలి, వీడియోలో దానికంటే అందంగా ఉంది. కాలిపోతున్న ట్రేని గోనెసంచిలో చుట్టి, ఒళ్లో పెట్టుకుని, రస్కుల మాస్టారు నా బండి వెనక కూర్చున్నాడు. నా జీవితం సంగతి కదా, ఫలితం చూసే వెళ్తానన్నాడు. దారిపొడుగునా వెనీలా ఎసెన్సు వాసన వచ్చింది. బేకరీ మనిషి దగ్గర బేకరీ వాసన రాకపోతే ఇంకేం వస్తుందనుకున్నాను.

భోజనాల బల్ల దగ్గర నాన్నగారు, అమ్మ, పెదనాన్నగారు, మధ్యలో మామ్మ. నాన్నగారి చేతి పక్కన రెండు దరఖాస్తులు, వాటిమీద పెన్ను. అందరికీ వడ్డించాను. మొదటి ముద్ద పెట్టుకున్న పెదనాన్నగారి కనుబొమలు కొంచెం పైకి వెళ్లి, అక్కడే ఆగిపోయాయి. "ఆయ్... బాగుందిరా" అన్నారు. అమ్మ కూడా బాగుందంది గానీ వెంటనే మంచినీళ్లు తాగింది. నాకు అనుమానం వచ్చి వంటింట్లోకి వెళ్లి గరిటె నాకి చూశాను. ఉప్పు, మిరియాలు, చీజు, వాటన్నిటి మీదా పాయసమంత తీపి. గుమ్మం దగ్గర నిలబడ్డ రస్కుల మాస్టారు నా మొహం చూసి దగ్గరకొచ్చి, ఎవరికీ వినపడకుండా, "మీరు పంచదార మర్చిపోయి ఉప్పేసేసేరండి బాబూ. వేలితో రుచి చూసేనండి. పదిమందిలో అంటే మీరు చిన్నబుచ్చుకుంటారని, నేనే అరకేజీ కలిపేసి, రెండు మూతలు ఎసెన్సు పోసేనండి. ఎవరికీ చెప్పనులెండి" అన్నాడు. ఆయన కళ్లల్లో నన్ను గండం గట్టెక్కించిన సంతోషం అంతా ఇంతా కాదు.

సరిగ్గా అప్పుడే లోపల్నుంచి మామ్మ గొంతు ఖంగుమంది. "ఏంట్రా ఇది? కూరా, పాయసమా? ఇందులో పంచదార ఎవరు పోసేరురా?" అని అడిగింది. ఒక్క మాట చెబితే నేను బయటపడేవాణ్ణి. కానీ ఆ ఒక్క మాటకి ముప్పై ఏళ్లుగా మా కేకులు కాల్చిన మనిషి తలదించుకోవాలి. "నేనే పోసేను మామ్మా. అలాగే చెయ్యాలంట" అన్నాను. "అయితే బాగోలేదు" అంది మామ్మ, కంచం ముందుకు తోసేసి. నాన్నగారు మెల్లిగా బి.ఎడ్. దరఖాస్తు పైకి తీశారు. నాకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి, అబద్ధమెందుకు.

"ఏంట్రా ఆ కాయితాలు?" అంది మామ్మ.

"వీడు వంట చదువుకి వెళ్తానంటున్నాడమ్మా. నువ్వు బాగుందంటే పంపిద్దామనుకున్నాను. బాగోలేదన్నావు కదా."

మామ్మ ఆయన వంక పిచ్చివాణ్ణి చూసినట్టు చూసింది. "బాగుంటే పంపడమెందుకురా, డబ్బు దండగ? బాగోలేదు కాబట్టే పంపాలి. నీకు లెక్కలొచ్చని బళ్లో వేసేనా? పదిదాకా లెక్కెట్టడం రాక నువ్వు ఏడుస్తుంటే, పంతులుగారిని బతిమాలి వేసేను. ఇంతమందికి పాఠాలు చెప్పేవు, ఈ మాత్రం తెలీదా నీకు?"

బల్ల చుట్టూ ముగ్గురు మాస్టార్లున్నారు. ముగ్గురూ హోంవర్కు చెయ్యని పిల్లల్లా కంచాల్లోకి చూశారు. పెదనాన్నగారు గొంతు సవరించుకుని, "అమ్మ చెప్పింది కరెక్టేరా తమ్ముడూ" అన్నారు. నాన్నగారు మామ్మ వంక చూశారు, నా వంక చూశారు, పెన్ను తీసి వంట కాలేజీ కాగితం మీద సంతకం పెట్టారు. రస్కుల మాస్టారు ఆ ఆనందంలో రెండు ప్లేట్లు తిన్నాడు. (నిజంగానే బాగుందనుకున్నాడని ఇప్పటికీ నా నమ్మకం.)

తర్వాత ప్రతి సెలవుల్లోనూ ఆ పాస్తా చేసి మామ్మ ముందు పెట్టేవాణ్ణి. మొదటి ఏడు "ఇంకా రాలేదు" అంది. రెండో ఏడు "ఉప్పు తగ్గించు" అంది. మూడో ఏడు చదువైపోయి, విశాఖలో పెద్ద హోటల్లో చేరిన కొత్తలో వచ్చి చేస్తే, కంచం ఖాళీ చేసి, మూతి తుడుచుకుని, "ఇప్పుడు బాగుందిరా. వచ్చేసింది కదా, ఇంక ఇంటికొచ్చెయ్" అంది. నేను మొదటి మాట వినగానే డాబా మీదకి పరిగెత్తి, ఉన్న స్నేహితులందరికీ ఫోన్లు చేశాను. రెండో మాట నా చెవిన పడిందే గానీ బుర్రకెక్కలేదు. సాయంత్రం బస్సుకి వెళ్లిపోయాను. మామ్మ ఆ మాట మళ్లీ అనలేదు. మరుసటి వేసవికి మామ్మే లేదు. ఇప్పుడు రోజూ ఎంతోమంది నా వంట తిని బాగుందంటారు, నేనూ ఆయ్ అంటాను. డాబా మీద గంతులేసిన ఆ కుర్రాడు గుర్తొస్తే నవ్వొస్తుంది. ఫోన్లు రేపు చేసుకోవచ్చు, కిందకి దిగి మామ్మ పక్కన కాసేపు కూర్చోరా వెధవా అని చెప్పాలనిపిస్తుంది.