ఏడుపు వేషాలు మానేశాక

విదేశీ సినిమాల్లో పదకొండేళ్ళు నటించాను. శరణార్థి తల్లి, ఇల్లు తుడిచే మనిషి, బిడ్డ పోయిన ఆడది. అన్నిటిలోనూ నాకిచ్చింది ఏడుపే. ఒక షూటింగులో నన్ను శవం పక్కన కూర్చోబెట్టి డైరెక్టర్, "మీ భాషలో ఏదో ఒకటి అనండి, సబ్‌టైటిల్ వెయ్యంలెండి" అన్నాడు.

నాకు ఒళ్ళు మండింది. కెమెరా తిరగ్గానే గుండెలు బాదుకుంటూ తెలుగులో అందుకున్నాను. "ఈయన మా ఆయన కాదు, ఈ చీర నాది కాదు, ఈ ఏడుపూ నాది కాదు! నా నోరు నొక్కేసిన ఈ సినిమాని ఎవడు చూస్తాడో నేనూ చూస్తాను!"

అందరూ చప్పట్లు కొట్టారు. డైరెక్టర్ కళ్ళు తుడుచుకున్నాడు.

ఆ సినిమా చూసి మండపేట నుంచి అమ్మ ఫోన్ చేసింది. చర్చి బడిలో ముప్పయ్యేళ్ళు తెలుగు చెప్పి రిటైరైన మనిషి.

"శవం దగ్గర ఏవన్నావే నువ్వు? నవ్వలేక చచ్చాను" అంది. వెంటనే గొంతు మార్చి, "అన్ని మాటలు నీ దగ్గరుండగా వాళ్ళు రాసిచ్చిన మూలుగులెందుకు మూలగడం? నువ్వే రాసుకో" అంది.

చేతిలో ఉన్న వేషం పూర్తిచేసి వచ్చేశాను. అమ్మ వంటింటి పక్క గదిలో కూర్చుని కథ రాశాను. భర్త పోయాక అతని పడవ తనే నడుపుతానని పట్టుబట్టిన జాలరామె కథ. అమ్మ ఎర్ర పెన్నుతో దిద్దేది. "హృదయం ద్రవించిందట! చేపల బుట్ట ఎత్తుకున్నావిడ అలా అంటుందా?" అని కొట్టేసేది.

హైదరాబాదులో ఒక నిర్మాత కథ విన్నాడు. "బావుందండి. హీరోయిన్‌గా మీరు చెయ్యండి. డైరెక్షన్ మన కుర్రాడొకడు చూసుకుంటాడు."

"డైరెక్షన్ నేనేనండి. హీరోయిన్ కూడా దొరికింది." రావులపాలెంలో చేపలమ్మే ఆవిడ ఫొటో నా ఫోన్లో చూపించాను.

"ఈవిణ్ణెవరు చూస్తారండీ?"

"ఆవిడ చేతి చేప తినేవాళ్ళంతా చూస్తారు."

ఆయన ఫోన్ నా వైపు జరిపాడు. "మీరు ఆర్టిస్టుగానే బావుంటారు మేడమ్."

కాగితాలు సర్దుకుని లేచాను. తెలిసినవాళ్ళ కెమెరాతో, ఏడుగురం కలిసి గోదావరి మీద మొదలుపెట్టేశాం.

మూడో రోజు మా హీరోయిన్ ఒక డైలాగు దగ్గర మొండికేసింది. కులపెద్దల ముందు చేతులు జోడించి "నాకు దిక్కెవరు" అనాలి.

"ఈ మాట నేను అననండి. పడవ మా ఆయనది. ఆళ్ళని బతిమాలడవేంటి?"

ఎండ దిగిపోతోంది. నాకు విసుగొచ్చింది. "రాసింది చెప్పండి చాలు" అని అరిచాను.

ఆవిడ నావంక చూస్తూ నిలబడింది, అంతే. ఇన్నేళ్ళూ నేను ఎవరెవరి వంక అలా చూశానో గుర్తొచ్చి సిగ్గేసింది. షూటింగు ఆపించి, పడవ అంచున ఆవిడ పక్కన కూర్చున్నాను. "తప్పు నాదండి. మీరైతే ఏమంటారు?"

"ఏవీ అననండి. తాడు ఇప్పుకుని ఎళ్ళిపోతాను."

అలాగే తీశాం. సినిమా మొత్తంలో నాకు బాగా నచ్చిన సీను అదే. అందులో నేను రాసిన మాట ఒక్కటీ లేదు.

థియేటర్లు దొరకలేదు. రాజమండ్రిలో ఒక కాలేజీ హాల్లో వేశాం. సగం మంది మధ్యలో లేచిపోయారు. మిగతావాళ్ళు అయిపోయాక కూడా కదల్లేదు, మా హీరోయిన్ చుట్టూ మూగారు. తర్వాత అది విదేశాల సినిమా పండగలకీ వెళ్ళింది. అప్పుడు ఆ నిర్మాత ఫోన్ చేశాడు, కొత్త కథేమైనా ఉందా అని.

"ఉందండి. డైరెక్టర్ని మాత్రం నేనే. ఒప్పుకుంటే మండపేట రండి, మా అమ్మ కూడా కూర్చుని మాట్లాడుతుంది" అన్నాను.

ఇంతవరకూ రాలేదు. వచ్చే వారం షూటింగు మొదలుపెడుతున్నాం.