వైలోమానిలో మొదటి చిప్ప

వైలోమాని ఊళ్ళో సకేయాసి పేరు తెలియనివాళ్ళు లేరు. ఫిజీ దీవుల్లో మాటపెద్దలు ఊరికొకరు ఉంటారు. ఊరి దొర నోరు మెదపకుండా కూర్చుంటే దొర మాట తాము చెప్పడం వాళ్ళ పని. అయితే యాభై నాలుగేళ్ళపాటు ఒక్క బిరుదు తడబడకుండా, ఒక్క వరస తప్పకుండా చెప్పిన మాటపెద్ద ఇంకొకడు ఉంటే చూపించమనండి. ఈ చుట్టుపక్కల పధ్నాలుగు దీవుల్లో ఎవరూ చూపించలేరు.

ఆయన చదివింది మిషను బడిలో ఐదు తరగతులే. అయినా నూట అరవై బిరుదులు నోటికి వచ్చు. ఇంగ్లీషువాళ్ళ జెండా దిగి మా ఫిజీ జెండా ఎక్కిన ఏడాది ఆయనకు పందొమ్మిదేళ్ళు. ఆ ఏడే ఒంటినిండా ఆకులు కట్టుకుని, ఆఖరి తెల్లదొరకు యంగోన, అంటే వేరు నలిపి నీళ్ళలో పిసికిన పానీయం, కొబ్బరిచిప్పలో అందించాడు. మరుసటి ఏడు తండ్రి పోయాడు, మాటపెద్ద పని ఈయనకు వచ్చింది. జపాను నుంచి చేపల ఓడలవాళ్ళు వస్తే వాళ్ళను కూర్చోబెట్టింది ఆయనే. ఇండియా రాయబారి ఒకాయన యంగోన ఒక గుక్క తాగి, ఇందులో కాస్త పంచదార వెయ్యకూడదా అని అడిగితే, నవ్వు ఆపుకుని గంభీరంగా జవాబు చెప్పిందీ ఆయనే. ఇద్దరు రాజులు, పదకొండుమంది ప్రధానమంత్రులు, లెక్కలేనంతమంది సైన్యాధికారులు ఆయన పరిచిన చాప మీద చెప్పులు విప్పి కూర్చున్నారు.

యంగోన పెట్టేటప్పుడు పెద్ద కొయ్యపాత్రకు కొబ్బరిపీచు తాడు ఒకటి కడతారు. దాని కొసకు తెల్లగవ్వలు ఉంటాయి. ఆ తాడును ముఖ్య అతిథి వైపు చాచి పరుస్తారు. తాడు ఎటు చూపిస్తే మొదటి చిప్ప అటు వెళుతుంది. ఒకసారి పరిచాక దాన్ని జరపడం, దాటడం, ఆ వేళలో ఒక్క మాట మాట్లాడడం ఎవరికీ కుదరదు. సకేయాసి తండ్రి రోజుల్లో ఆ తాడు ఎప్పుడూ ఇంగ్లీషువాళ్ళ వైపే ఉండేది. తరవాత దక్షిణం నుంచి వచ్చే ఎర్రముఖాల మంత్రుల వైపు తిరిగింది. తరవాత ఓడల కంపెనీల వైపు తిరిగింది. రేడియో వినక్కర్లేకుండానే, ఆ తాడును చూసి లోకం ఎటు తిరుగుతోందో చెప్పగలిగేవాడు సకేయాసి.

ఈ పదేళ్ళలో తాడు రెండు దేశాల మధ్య ఊగింది. ఒక దేశంవాళ్ళు మా ఏటి మీద వంతెన కట్టారు. రెండోవాళ్ళు ఓడలు ఆగే జెట్టీ కట్టారు. వాళ్ళ దేశాల పేర్లు పలకడం కష్టమై ఊళ్ళో ఆడవాళ్ళు వంతెనవాళ్ళు, జెట్టీవాళ్ళు అనేవారు. ఆ పేర్లే నిలిచిపోయాయి. ఒకళ్ళు బడికి కప్పు వేస్తే రెండోవాళ్ళు బడికి కంప్యూటర్లు ఇచ్చారు. ఒకళ్ళ యుద్ధనౌక పలకరింపుగా వచ్చిపోతే, నెల తిరక్కుండా రెండోవాళ్ళదీ వచ్చేది.

దీవుల దేశాల నాయకులందరూ ఏటా ఒకచోట కలుస్తారు. ఆ ఏడు వంతు వైలోమానికి వచ్చింది. వంతెన దేశం మంత్రి, జెట్టీ దేశం మంత్రి కూడా వస్తున్నారు. రాజధాని నుంచి సలనియెతా అనే అధికారిణి ఒకామె చేతిలో కాగితాలతో వచ్చింది.

"తాతగారూ, పోయినేడు పక్క దేశంలో మొదటి చిప్ప జెట్టీవాళ్ళకి ఇచ్చారు. ఈ ఏడు వంతెనవాళ్ళకి. రెండు పక్షాలూ ఒప్పుకున్నాయి. ఆరు నెలలు పట్టింది ఒప్పించడానికి" అంది.

"చిప్పెడు నీళ్ళకి ఆరు నెలలా అమ్మా?"

"మీకు తెలియంది కాదు. ఇక్కడ వరస తప్పిందంటే మంత్రిగారు విమానం ఎక్కేస్తారు. ఆయన వెళితే రెండో ఆయనకూ ఇక్కడ పని లేదు. మీటింగు అక్కడితో అయిపోయినట్టే."

"నా వయసు డెబ్భై నాలుగు. ఇంతవరకు తప్పలేదు" అన్నాడు సకేయాసి.

అన్నాడే కానీ ఆయన గుండెలో ఒక ముల్లు ఉంది. రెండేళ్ళుగా కళ్ళు మసకబారుతున్నాయి. పది అడుగుల అవతల మనుషులు రంగుల ముద్దలుగా కనిపిస్తున్నారు. ఈ సంగతి భార్యకు తప్ప ఎవరికీ చెప్పలేదు. గొంతును బట్టి, నడకను బట్టి, బట్టల రంగును బట్టి నెట్టుకొస్తున్నాడు. వంతెన దేశం మంత్రి తెల్లకోటు వేసుకుంటాడని ముందురోజే కనుక్కుని పెట్టుకున్నాడు.

ఆ రోజు పొద్దున మైదానంలో కొబ్బరాకుల పందిరి కింద చాపలు పరిచారు. తొమ్మిది దీవుల దేశాల నాయకులు, ఇద్దరు మంత్రులు వచ్చి కూర్చున్నారు. సకేయాసి బావ ఇనోకే పాత్ర వెనక కూర్చుని యంగోన పిసుకుతున్నాడు. సకేయాసి తాడును తెల్లకోటు వైపు సూటిగా చాచి పరిచి, పాత్ర పక్కన తన చోట కూర్చుని తల దించుకున్నాడు. ఆ క్షణం నుంచి ఎవరూ మాట్లాడకూడదు.

అంతలో సముద్రం మీద నుంచి జల్లు వచ్చింది. పందిరి కప్పు సరిగ్గా వంతెన దేశం మంత్రి నెత్తి మీద కారింది. రాజధాని అధికారులు వంగి వంగి పాకుతూ వచ్చి, ఆయన్నూ పక్కనున్న జెట్టీ మంత్రినీ పొడిగా ఉన్న వైపుకు జరిపారు. ఖాళీ అయిన తడిచాప మీదికి, చివర్లో ఇరుక్కుని కూర్చున్న తెరేతియా జరిగింది. పగడపు దిబ్బల దేశం ఒకటి ఉంది, పదకొండు వేలమంది జనం. ఆవిడ దాని ప్రధానమంత్రి. తడి ఆవిడకు కొత్తేమీ కాదు. ఆ రోజు ఆవిడ కట్టుకున్నది తెల్లగౌను.

వాన చప్పుడులో ఈ అలికిడేదీ వినపడని సకేయాసి తల ఎత్తాడు. తాడు కొసన తెల్లగా కనిపించింది. ఇనోకే రెండుసార్లు దగ్గాడు. సకేయాసి పట్టించుకోలేదు. వంతెన దేశం మంత్రి బిరుదులన్నీ ఒక్క పొల్లు పోకుండా గంటలా మోగించాడు. చిప్ప పట్టుకున్నవాడు తాడు వెంబడే నడిచి వెళ్ళి తెరేతియా ముందు మోకరిల్లాడు. ఆవిడ ఒక్క క్షణం అటూ ఇటూ చూసింది. అందించిన చిప్పను కాదనడం అంటే ఊరిని కాదనడమే. ఒకసారి చప్పట్లు చరిచి, అందుకుని, గడగడా తాగేసింది.

చిప్ప ఖాళీ అయిందని అందరూ మూడుసార్లు చప్పట్లు కొట్టారు. వంతెనవాళ్ళ వైపు నుంచి మాత్రం చప్పుడు లేదు. ఆ నిశ్శబ్దం విన్నాకే ఏదో తప్పు జరిగిందని సకేయాసికి అర్థమైంది.

అతిథులు భోజనాలకు లేచాక ఇనోకే చేతులు తుడుచుకుంటూ వచ్చి పక్కన కూలబడ్డాడు.

"బావా, వంతెనాయన పేరు చెప్పి చిప్ప పగడాలావిడకి పంపావు."

"మరి చెప్పవేంరా?"

"అక్కడ నోరు తెరిస్తే దొర నన్ను ఆ పాత్రలోనే పిసికేసేవాడు. దగ్గాను కదా."

"నీ దగ్గు నలభై ఏళ్ళుగా వింటున్నాను. దాంట్లో కబురుంటుందని ఎవడికి తెలుసు?"

ఇనోకే నవ్వబోయి ఆగిపోయాడు. "నిజం చెప్పు బావా. నీకు కనపడలేదు కదూ?"

సకేయాసి లేవడానికి చెయ్యి చాచాడు. ఇనోకే ఆ చెయ్యి పట్టుకుని లేపాడు.

ఒంటిగంటకల్లా కబురు తెలిసింది. వంతెనవాళ్ళు మూడున్నర విమానానికి సామాను సర్దుతున్నారు. వాళ్ళు లేకపోతే మేమెందుకని జెట్టీవాళ్ళు కూడా కారు పిలిపించారు. సలనియెతా కాగితాలు పట్టుకుని రెండు వైపులా పరుగెత్తుతోంది.

సకేయాసి ఇంటికి వెళ్ళాడు. పెట్టె అడుగు నుంచి తంబువా తీశాడు. అది తిమింగలం పన్ను, పాతబడి తేనెరంగుకు తిరిగింది, రెండు కొసలకూ తాడు ఉంది. మావాళ్ళకు దానికి మించిన వస్తువు లేదు. పెళ్ళి అడగాలన్నా, చావుకు ఏడవాలన్నా, తప్పు ఒప్పుకోవాలన్నా అదే. ఎదుటివాడు దాన్ని చేత్తో ముట్టుకున్నాడంటే అడిగింది ఒప్పుకున్నట్టు. ముట్టుకోకపోతే తెచ్చినవాడు తలెత్తుకుని తిరగలేడు. ఇది సకేయాసి తాత సంపాదించింది, తన శవపేటికలో పెట్టించుకోవాలని సకేయాసి దాచుకున్నది.

దాన్ని రెండు చేతులా పట్టుకుని దొర రాతు ఎపెలి గడప దగ్గర మోకాళ్ళ మీద కూర్చున్నాడు.

"దొరా, తప్పు నాది. రెండేళ్ళుగా నా కళ్ళు పనిచెయ్యడం లేదు. పొగరుకొద్దీ చెప్పలేదు. ఇది తీసుకెళ్ళి వంతెన మంత్రి కాళ్ళ దగ్గర పెడతాను, సెలవియ్యి."

రాతు ఎపెలి తంబువా వైపు చూశాడు. "ఆయన కాళ్ళ దగ్గరెందుకు?" అన్నాడు.

"అవమానం జరిగింది ఆయనకి కదా."

"మొదటి చిప్ప తాగింది ఎవరు?"

"పగడాలావిడ."

"చాప చుట్టేదాకా ఆ చాపకు పెద్ద ఆవిడే. తప్పు చాప మీద జరిగింది. చాప పెద్దే దాన్ని అందుకోవాలి. నీకు నేను చెప్పాలా సకేయాసీ? నాకు నేర్పింది నువ్వే."

సకేయాసి తంబువాను మళ్ళీ దగ్గరికి తీసుకున్నాడు. అంతకాలం తానే అందరికీ చెప్పిన కట్టుబాటు, ఇంత దూరం వెళుతుందని తనకే తట్టలేదు.

రెండింటికి అందరినీ మళ్ళీ పందిరి కిందికి పిలిచారు. ఈ ఊరి పెద్దమనిషి తప్పు ఒప్పుకోబోతున్నాడని, అది వినకుండా వెళ్ళిపోవడం మర్యాద కాదని సలనియెతా ఇద్దరు మంత్రులకూ నచ్చజెప్పింది. కార్లు ఇంజను ఆపకుండానే నిలబడ్డాయి.

సకేయాసి పాత్ర దగ్గర నుంచి మోకాళ్ళ మీద తాడు వెంబడే పాకుతూ వెళ్ళాడు. డెబ్భై నాలుగేళ్ళ మోకాళ్ళు. ఆ పందిరి కింద నాలుగువందలమంది ఉన్నారు, ఒక్కరు కదల్లేదు. తెరేతియా ముందు ఆగి తంబువా పైకెత్తాడు.

"నా కళ్ళకు కనపడక ఒక దేశం పేరు పిలిచి ఇంకో దేశానికి చిప్ప పంపాను. ఈ కళ్ళ సంగతి దాచాను. ఊరిది తప్పు లేదు, దొరది తప్పు లేదు. ఈ తప్పును ఇక్కడే పాతిపెట్టెయ్యమని అడుగుతున్నాను."

తెరేతియా చెయ్యి చాచలేదు. అప్పుడే ముట్టుకోలేదు. పక్కకు తిరిగి ఇద్దరు మంత్రుల వైపు చూసింది. ఆవిడ గొంతు బొంగురుగా, బడిలో పిల్లలకు పాఠం చెప్పి అలిసిన గొంతులా ఉంది.

"ఇది నేను ముట్టుకుంటే మీ ఇద్దరి తరఫునా ముట్టుకున్నట్టే. మీ ఇద్దరికీ ఇష్టమేనా?"

ఒకరి వెనక వంద ఓడలున్నాయి. ఇంకొకరి వెనకా వంద ఓడలున్నాయి. ఆవిడ దేశానికి ఉన్నది ఒక్క పడవ, అదీ ఎవరో ఇచ్చింది. వంతెన మంత్రి తెల్లకోటు సవరించుకుని, దుబాసీ చెవిలో చెప్పింది విని, తల వంచాడు. అది చూసి జెట్టీ మంత్రి కూడా వంచాడు. లోకాన్ని చెరిసగం పంచుకుందామనుకునే ఇద్దరు మనుషులు, మడతపెట్టిన కాళ్ళతో, తడిచాప మీద కూర్చున్న ఆడమనిషి ముందు తల వంచడం వైలోమాని కళ్ళారా చూసింది. సకేయాసికి కనపడలేదు. కానీ పందిరంతా ఒక్కసారి ఊపిరి పీల్చిన చప్పుడు ఆయనకు వినిపించింది.

తెరేతియా రెండు చేతులూ చాచి తంబువా అందుకుంది.

చప్పట్లు మూడుసార్లు పడ్డాయి, అరచేతులు దొప్పలుగా మడిచి కొట్టే లోతైన చప్పట్లు. ఈసారి అన్ని వైపుల నుంచీ. బయట కార్ల ఇంజన్లు ఒకదాని తరవాత ఒకటి ఆగాయి.

తంబువా అందుకున్నవాళ్ళు మీటింగులో ముందు మాట్లాడాలి, అదీ కట్టుబాటే. మీటింగు వరస రాసిన కాగితంలో ఆవిడ వంతు మూడోరోజు సాయంత్రం, అందరూ పెట్టెలు సర్దుకునే వేళ రాసి ఉంది. ఆ మధ్యాహ్నం ఆవిడ మొదట లేచింది. ఓడల గురించి, జెట్టీల గురించి మాట్లాడలేదు.

"మా అమ్మ సమాధి మీద ఇప్పుడు చేపలు తిరుగుతున్నాయి" అంది. "పోటు వచ్చినప్పుడల్లా మా నేల ఇంకొంచెం పోతుంది. మీరు ఏ దేశం ఎవరి పక్కన కూర్చోవాలో మాట్లాడుకునే ముందు, మాకు కూర్చోడానికి చోటు ఉండేలా చూడండి."

మూడు రోజులు మాట్లాడుకున్నారు. చివర తొమ్మిది దేశాలూ సంతకం పెట్టిన కాగితంలో ఆ మాటే మొదటి వరసలో ఉంది. ఆ తొమ్మిది సంతకాల కింద మొదట వంతెన మంత్రి సంతకం పెట్టాడు, పక్కనే జెట్టీ మంత్రి పెట్టాడు. ఆ కాగితంతో సముద్రం వెనక్కి తగ్గుతుందని వైలోమానిలో ఎవరూ అనుకోలేదు. అయినా అప్పటిదాకా చివర కూర్చున్నవాళ్ళ మాట మొదటి వరసకు రావడం మా తరంలో అదే చూడడం.

అందరూ వెళ్ళాక సకేయాసి మాటపెద్ద పని వదిలేస్తానని దొరతో చెప్పాడు.

"బిరుదులు మరిచిపోయావా?" అన్నాడు రాతు ఎపెలి.

"లేదు దొరా."

"గొంతు పోయిందా?"

"లేదు."

"మరి కూర్చో. కనపడకపోతే అడుగు."

"ఆ వేళలో మాట్లాడకూడదు కదా దొరా."

"ఈ చాప మీద ఇకనుంచి ఆ ఒక్క మాట మాట్లాడొచ్చు."

పక్కనే ఉన్న ఇనోకే ఊరుకోలేదు. "బతికాను. ఇక దగ్గే పని తప్పింది" అన్నాడు.

అప్పటినుంచి వైలోమానిలో తాడు పరిచాక, చిప్ప ముంచే ముందు, సకేయాసి తల ఎత్తి అడుగుతాడు: "అక్కడ కూర్చున్నది ఎవరు?" కూర్చున్నవాళ్ళు బిరుదు లేకుండా, దేశం లేకుండా, కన్నవాళ్ళు పెట్టిన పేరు తామే చెప్పాలి. ఆ తరవాతే ఆయన వాళ్ళ బిరుదులు మోగిస్తాడు. ఈమధ్య ఒక నౌకాదళం అధిపతి వచ్చాడు. ఛాతీ నిండా పతకాలు, బయట రేవులో ఊరికన్నా పెద్ద ఓడ. సకేయాసి అడిగాడు. ఆ మనిషి మొదట అర్థంకాక తన వెనక నిలబడ్డవాళ్ళను చూశాడు. ఎవరూ సాయం రాలేదు. అప్పుడు ఇటు తిరిగి, బడిలో హాజరు పలికినట్టు, చిన్న గొంతుతో తన పేరు చెప్పాడు.