మంచమల్లుడు మాను ఎక్కిన రోజు

ఒకప్పుడు హోసూరు బస్టాండులో టీ తాగాలంటే మునిరాజు ముఖానికి తువ్వాలు చుట్టుకోవాల్సి వచ్చేది. గుర్తుపడితే వదిలేవాళ్ళు కాదు. తమిళం మాట్లాడే కండక్టరు మొదలు మల్లెపూలమ్మే ముసలమ్మ దాకా అందరిదీ ఒకటే పిలుపు: "ఓ అల్లుడా, యాడుండావు?" జవాబు చెప్పకపోతే టీవీలో కనబడేసరికి పొగరెక్కింది అంటారు. చెబితే బస్సు పోతుంది.

ఆ జవాబు కూడా ఊరందరికీ నోటికి వచ్చినదే. "ఈడే ఉండానత్తా, పనిలో ఉండా!"

నటుల గురించి రాసేవాళ్ళు ఆకలితో మొదలుపెట్టి శాలువాతో ముగిస్తుంటారు. మునిరాజుకు ఆ రెండూ కుదరవు. ఉద్దనపల్లిలో వాళ్ళకు బావి కింద టమాటా, కొత్తిమీర, మెట్టలో రాగి పండేవి. తిండికి లోటు లేదు. శాలువా ఎవరూ కప్పలేదు. అతనికి ఉన్నది ఒక్కటే కోరిక. జాతరలో తండ్రి ఎక్కిన తపసు మాను తానూ ఎక్కాలి. జనాన్ని నవ్వించే పని వదలకుండా ఎక్కాలి. రెండూ ఒకే మనిషికి దక్కుతాయని అతను నమ్మాడు. అక్కడే పొరబడ్డాడు.

తపసు మాను అంటే జాతర మైదానంలో పాతే ఎత్తయిన దుంగ. పక్కలకు మెట్లు కొడతారు, పైన కూర్చోవడానికి చిన్న మంచె కడతారు. నాటకంలో వీరుడు తపస్సు చేసే ఘట్టాన్ని ఆ పూట పట్టపగలు ఆడతారు. వేషం కట్టినవాడు పద్యం పాడుతూ మెట్టుమెట్టుకీ ఆగి పైకెక్కుతాడు. కింద, పిల్లలు లేని ఆడవాళ్ళు తడిచీరలతో నేలకు ముఖం ఆనించి మాను చుట్టూ పడుకుంటారు. పైనుంచి అతను నిమ్మకాయలు విసురుతాడు. కాయ ఎవరి వీపు మీద పడితే వాళ్ళ కడుపు పండుతుందని నమ్మకం.

నిమ్మకాయతో పిల్లలు పుట్టరు. అక్కడ పడుకున్నవాళ్ళకూ ఆ సంగతి తెలుసు. అందరూ డాక్టర్ల వరండాల్లో కూర్చుని వచ్చినవాళ్ళే. అయితే, సీమంతానికి వెళితే వాళ్ళను గుమ్మం దగ్గరే ఆపేసే అదే ఊరు, ఆ ఒక్క పూట వాళ్ళ చుట్టూ నోరెత్తకుండా నిలబడేది. మాను ఎక్కినవాడి మీద ఉన్న అసలు బరువు ఆ నిశ్శబ్దమే. మునిరాజు తండ్రి శ్రీరంగప్ప దాన్ని మోశాడు. ఆ వేషం వాళ్ళ ఇంటిది. మోకాళ్ళు అరిగాక పద్యాలన్నీ కొడుక్కి నేర్పడం మొదలుపెట్టాడు.

ఈలోగా, తొంభైల మధ్యలో, మునిరాజు హోసూరులో ఒక చిన్న ఫ్యాక్టరీలో చేరాడు. ఒక పెళ్ళిలో అతను సూపర్‌వైజరు నడకను అనుకరిస్తుంటే వీడియో తీస్తున్న ప్రసాదు కెమెరాను పెళ్ళికూతురి మీద నుంచి ఇటు తిప్పేశాడు. పెళ్ళివాళ్ళు తిట్టారు. ప్రసాదు హోసూరులో సగం వీధులకు కేబుల్ ఇచ్చేవాడు. ఒక ఛానల్ ఖాళీగా ఉంటే సొంత కార్యక్రమాలు వేసుకునేవాడు.

"అన్నా, నీకు ఏమేమి చేతనవుతాది?" అని అడిగాడు.

"పద్యం పాడతాను. తపసు వేషం నేర్చుకుంటాండాను."

"పద్యం ఎవురు చూస్తారప్పా? నిద్ర పోయేది వస్తాదా?"

"అది ఎవురికి రాదు?"

"అయితే నువ్వే మా అల్లుడు."

అలా 'మంచమల్లుడు' పుట్టింది. ఒక గది, ఒక నులకమంచం, ఇల్లరికం వచ్చి పని తప్పించుకునే అల్లుడు, వెంటపడే అత్త. అత్త వేషానికి కెలమంగలం సంతలో పట్టుగూళ్ళు బేరమాడే కెంచమ్మను పట్టుకొచ్చారు. ఆమె మాటలు బట్టీపట్టేది కాదు, సంతలో తిట్టినట్టే తిట్టేది. "ఓ అల్లుడా, యాడుండావు?" అని ఆమె అరిస్తే, చింతచెట్టు కొమ్మ మీదనుంచో రాగిగడ్డి వామిలోనుంచో జవాబు వచ్చేది. పట్టుపురుగులు కుబుసం విడిచేముందు మేత మానేసి పడుకోవడాన్ని ఇక్కడ జ్వరం అంటారు. ఒక వారం అల్లుడు, "పురుగులకు జరమొచ్చిందత్తా, చూస్తాంటే నాకూ వచ్చింది" అని తట్టల పక్కనే దుప్పటి కప్పుకున్నాడు. ఆ వారమంతా కెలమంగలంలో పురుగులు మేపే ఇళ్ళలో మొగుళ్ళకు జ్వరాలే.

దానికి అంత పేరు ఎందుకొచ్చిందో చెప్పడం కష్టం కాదు. హైదరాబాదు ఛానళ్ళలో వచ్చే తెలుగు ఇక్కడివాళ్ళకు చుట్టం లాంటిది. ఎదురుగా కాళ్ళు చాపుకోలేరు. బడిలో తమిళం, సంతలో కన్నడం. ఇంట్లో వాళ్ళు మాట్లాడుకునే "వచ్చినాను, పోయినాను" టీవీలో వినబడటం అదే మొదలు. భాషోద్ధరణ ఉపన్యాసాలు చేయలేని పనిని ఒక సోమరి అల్లుడు పడుకుని చేశాడు.

ప్రసాదుకు ఇంకో ముచ్చట ఉండేది. ఇంగ్లీషు టీవీ కామెడీల్లో ప్రతి మాట వెనకా జనం నవ్వు వినిపిస్తుంది, అది మనకూ కావాలి. ఒక ఆదివారం మునిరాజు చెల్లెలు గౌరి షూటింగ్ చూడటానికి వచ్చి, కొంగు నోట్లో కుక్కుకున్నా ఆపుకోలేక నవ్వింది. మెట్లెక్కినట్టు పైపైకి పోయి చివర ఎక్కిళ్ళలో పడే నవ్వు. ప్రసాదు దాన్ని రికార్డు చేసుకున్నాడు. ఆ తర్వాత ప్రతి వారం ప్రతి హాస్యం కిందా అదే నవ్వు వేశాడు. హోసూరంతా గౌరి నవ్వితేనే నవ్వేది.

గౌరిని కెలవరపల్లిలో ఇచ్చారు. ఏళ్ళు గడిచినా పిల్లలు లేరు. రెండువేల ఒకటి జాతరలో ఆమె మాను కింద పడుకుంటానని మొక్కుకుంది. ఆ ఏడు తానే ఎక్కుతానని మునిరాజు పట్టుపట్టాడు. జాతర పెద్ద ఈశ్వరప్పకు మనసొప్పలేదు.

"మంచం మీద పండుకునేవాడు మాను ఎట్ల ఎక్కతాడప్పా?"

"టీవీలో పండుకుంటాను మామా, ఊర్లో కాదు."

"అయితే కంకణం కట్టినప్పటినుంచి ఆ టీవీ మానుకో. జనం ఆ మొగం కొంచెం మరిచిపోనీ."

మునిరాజు తలూపాడు. కంకణం కట్టించుకున్నాడు, మాంసం మానాడు, చెప్పులు విడిచాడు, జాతర ముగిసేదాకా ఇంట్లో పడుకోలేదు. టీవీ మాత్రం మానలేకపోయాడు. "ఒక్కవారం లేకుంటే ఇంకో ఛానల్ తిప్పుతారన్నా" అని ప్రసాదు అన్నాడు. ఆ మాట మునిరాజుకు ఇంకొకరు చెప్పాల్సిన అవసరమే లేదు. అతని భయమూ అదే. కంకణం కనబడకుండా పొడుగు చేతుల చొక్కా తొడుక్కుని ఆదివారం మంచమెక్కాడు. జాతర వారం కూడా 'మంచమల్లుడు' వచ్చింది. ఊరంతా చూసింది. ఈశ్వరప్ప ఇంట్లో టీవీ లేదు.

జాతర రోజు మునిరాజు బాగా పాడాడు. ఇది అతని శత్రువులు కూడా ఒప్పుకుంటారు. మెట్టుమెట్టుకీ గొంతు తేటపడింది. సగం ఎక్కేసరికి ఐసు అమ్మేవాడు గంట కొట్టడం ఆపాడు. కింద కూర్చున్న శ్రీరంగప్ప పెదవులు కొడుకుతో పాటు కదులుతున్నాయి. తడిచీరలు నేలకు అతుక్కుని ఉన్నాయి. అందులో పసుపుచీర గౌరిది. మునిరాజు మంచె మీద కూర్చుని మొదటి నిమ్మకాయ చేతిలోకి తీసుకున్నాడు. చీమ చిటుక్కుమనలేదు.

అప్పుడు గుంపు వెనకనుంచి ఎవడో, అచ్చం కెంచమ్మ గొంతుతో, సాగదీసి అరిచాడు: "ఓ అల్లుడా, యాడుండావు?"

మునిరాజు నోరు అతన్ని అడగలేదు. ఐదేళ్ళుగా ప్రతి ఆదివారం చేసిన పని అది చేసింది.

"ఈడే ఉండానత్తా, పనిలో ఉండా!"

అంత ఎత్తునుంచి, కిరీటం పెట్టుకుని, చేతిలో కాయ పట్టుకుని. అంత చక్కగా ఆ మాట అతను ఎప్పుడూ అనలేదు. మైదానం మైదానమంతా విరగబడి నవ్వింది. తప్పెట కొట్టేవాడు తప్పెట మీద వాలిపోయాడు.

నేలకు ముఖం ఆనించి పడుకున్నవాళ్ళకు పైన ఏం జరిగిందో తెలియదు. వాళ్ళకు వినబడింది తమ వీపుల మీదుగా ఊరు నవ్వడమే. ఒకామె లేచి కూర్చుంది. గౌరి తలెత్తింది. నుదుటికి, బుగ్గకు బురద. ఆమె పైకి చూడలేదు. నవ్వుతున్న మనుషుల్ని ఒకవైపునుంచి ఇంకోవైపు దాకా చూసింది. కొంగు తలమీదికి లాక్కుని లేచి వెళ్ళిపోయింది. ఆమె వెనక మిగిలినవాళ్ళు. మునిరాజు మళ్ళీ పద్యం ఎత్తుకుని కాయలన్నీ విసిరాడు. అవి ఖాళీ నేల మీద పడ్డాయి.

దిగినాక శ్రీరంగప్ప కొడుకును తిట్టలేదు. కంకణం తనే విప్పాడు. "గొంతు బాగుండాది నాయనా" అన్నాడు. అంతకంటే తిట్టినా బాగుండేది.

మరుసటేడు కుప్పం వైపునుంచి ఒక నటుణ్ణి పిలిపించారు. అప్పటినుంచీ అంతే. ఊళ్ళో వ్రతభంగమనీ, దోషమనీ, శాంతి చేయించాలనీ మాటలు పుట్టాయి. పూజారులకు ఆ మాటలు లాభం. మునిరాజుకు కూడా ఒకవిధంగా సుఖం, దోషమైతే శాంతి ఉంటుంది కదా. జరిగింది అంతకంటే చిన్న సంగతి, అందుకే దానికి మందు లేదు. అది తెలుసుకోవడానికి అతను కెలవరపల్లి దాకా పోవాల్సి వచ్చింది.

"నిన్ను చూసి కాదు గౌరీ. నన్ను చూసి నవ్వినారు" అన్నాడు.

గౌరి చాటలో రాగులు చెరుగుతోంది. "నేలకి మొగం పెట్టుకోని పండుకుంటే ఆ తేడా యాడ తెలస్తాదన్నా?" అంది. చాట పక్కన పెట్టి లేస్తూ, "కాఫీ తాగతావా?" అంది.

ఆదివారాలు ఆగలేదు. మంచం మీద పడుకుని మాట అంటే, కింద గౌరి నవ్వు మెట్లెక్కి ఎక్కిళ్ళలో పడేది. దాన్ని తీసేయమని ప్రసాదును అడిగాడు.

"ఆ నవ్వు తీసేస్తే నీ మాట పండదన్నా. యాడన్నా కొత్త నవ్వు తెచ్చిపెట్టు, మారస్తాను."

కొత్త నవ్వు దొరకలేదు. పెద్ద కంపెనీల డిష్షులు, రోజంతా సీరియళ్ళు వచ్చి పడ్డాక జనం తామంతట తామే అల్లుణ్ణి వదిలేశారు. రెండువేల నాలుగులో ప్రసాదు ఛానల్ మూసేసి, ఆ క్యాసెట్ల మీద పెళ్ళిళ్ళు రికార్డు చేసి అమ్ముకున్నాడు. మంచమల్లుడి మీద, గౌరి నవ్వు మీద ఎవరెవరి తాళిబొట్లో కట్టారు. మునిరాజు ఫ్యాక్టరీకి పోయి వచ్చేవాడు. తువ్వాలు అవసరం రాలేదు.

ఇంకో రెండేళ్ళకు గౌరికి ఆడపిల్ల పుట్టింది. బెంగళూరులో వైద్యం చేయించుకున్నారు. నామకరణానికి కెలవరపల్లి ఇంట్లో కాలు పెట్టడానికి చోటు లేదు. వినుత అని పేరు పెట్టారు. భోజనాలయ్యాక ఎవరో మునిరాజును గుర్తుపట్టి, "అల్లుడు ఈడే ఉండాడే! ఒక్కసారి చెప్పప్పా!" అని పట్టుకున్నారు. మునిరాజు చేతులు జోడించాడు, వద్దన్నాడు.

ఉయ్యాల దగ్గరనుంచి గౌరి అంది: "చెప్పన్నా. ఇంతమంది అడగతాండారు గదా."

చెప్పాడు. ఎవరో అత్తగా అరిచారు, అతను గోడవార మంచం మీద వెల్లకిలా పడి జవాబిచ్చాడు. గది గదంతా నవ్వింది. మునిరాజు పడుకున్నచోటే కళ్ళు మూసుకుని విన్నాడు. మెట్లెక్కి ఎక్కిళ్ళలో పడే ఆ నవ్వును అతను ఎంత గోలలోనైనా పట్టగలడు. ముసలివాళ్ళ దగ్గులాంటి నవ్వులు, ఆడపిల్లల కిలకిలలు, గుమ్మం బయట ఎవరిదో ఈల, ఆ ఒక్క నవ్వు తప్ప అన్నీ వినబడ్డాయి.

కళ్ళు తెరిచేసరికి గౌరి ఉయ్యాల తాడు ముడి సరిచేస్తోంది.