బోర్డు మీద నుంచి చెరిపించిన మాట

ముప్ఫై ఏళ్లకు పైగా ప్రభుత్వ పాఠశాలల్లో ఇంగ్లీషు చెప్పాను. అన్నేళ్లలో నేను బోర్డు మీద రాసిన మాటను నా చేతే చెరిపించిన మనిషి ఒక్కరే. మా హెడ్‌మాస్టరు. ఆ మాట అప్రిసిటీ.

దాని అర్థం మొదటే చెప్పేస్తాను. లేని మాట పుట్టించిందని మళ్లీ ఎవరూ అనకూడదు. చలికాలంలో ఒంటికి తగిలే ఎండ వెచ్చదనాన్ని అప్రిసిటీ అంటారు. ఎండను కాదు, వెలుగును కాదు, వెచ్చదనాన్ని. చుట్టూ చలి ఉండాలి, మీద ఎండ పడాలి, మనిషి కదలకుండా కూర్చోవాలి. కుంపటి దగ్గర కూర్చుంటే తగిలేది అప్రిసిటీ కాదు. ఏప్రిల్ నెలలో కర్నూలు బస్టాండులో నిలబడితే తగిలేది అసలే కాదు. మన నీరెండ దానికి దగ్గరి చుట్టమే గానీ, నీరెండ అనగానే నాకు ముందు దాని రంగు గుర్తొస్తుంది. అది కంటికి సంబంధించిన మాట. అప్రిసిటీ వీపుకు సంబంధించినది.

మా సీమలో ఎండను తిట్టడానికే మాటలున్నాయి. మండే ఎండ, మాడ్చే ఎండ, నెత్తి పగిలే ఎండ. అన్నీ ఫిర్యాదులే, అన్నీ న్యాయమైనవే. ఎండను మెచ్చుకునే మాట ఒకటి, ఎండకు మొహం వాచిన దేశం వాళ్ల భాషలో ఉందని తెలిసినప్పుడు నాకు ముచ్చటేసింది. అప్పుడు నేను కర్నూలులో బీఈడీ చదువుతున్నాను. హాస్టలుకు వచ్చే ఇంగ్లీషు పేపరులో ఆదివారం పూట ఒక మూల అరుదైన మాటలు వేసేవారు. నోటుబుక్కులో రాసుకునేదాన్ని. మాట, అర్థం, కింద ఒక వాక్యం. ఆ కాగితం ముక్క కత్తిరించి దాచుకోవాలని మాత్రం తోచలేదు. ఆ తెలివితక్కువతనానికి తరువాత పాతికేళ్లు శిక్ష అనుభవించాను.

జరిగింది ఆదోని అవతల ఒక పల్లెబడిలో. బండలు పరిచిన గది. డిసెంబరు, జనవరి నెలల్లో పొద్దున పూట ఆ బండల మీద కూర్చుంటే పిల్లలకు పెన్సిలు పట్టుకోవడానికి వేళ్లు వంగేవి కావు. స్వెట్టర్లు ఇద్దరు ముగ్గురికే ఉండేవి. మిగతావాళ్లు తువ్వాళ్లు తలకు చుట్టుకొని వచ్చేవారు.

"మేడం, బయట కూసుందాం మేడం. శానా సలి ఉండాది."

తూర్పు గోడ కింద వరసగా కూర్చోబెట్టాను. చుట్టే బోర్డు ఒకటి ఉండేది, దాన్ని గోడకున్న మేకుకు తగిలించాను. ఆ రోజు పాఠం ఋతువుల గురించి. ముందు వరసలో ఒక అమ్మాయి చెయ్యెత్తింది.

"మేడం, ఈ ఎండకు ఇంగ్లీషులో ఏమంటారు?"

"సన్‌లైట్."

"అది మధ్యాన్నం ఎండ మేడం. ఈ ఎండకు?"

అంత మంచి ప్రశ్న నా సర్వీసులో మళ్లీ వినలేదు. నోటుబుక్కులోని మాట గుర్తొచ్చింది. పెద్ద అక్షరాలతో రాశాను. పిల్లలు మూడుసార్లు పలికారు. నాలుగోసారి పలకబోతుండగా హెడ్‌మాస్టరు వచ్చి నా వెనక నిలబడ్డారు.

"ఏందమ్మా ఇది? ఎలక్ట్రిసిటీ తెలుసు. పబ్లిసిటీ తెలుసు. ఈ అప్రిసిటీ ఏంది? ఏ పుస్తకంలో ఉండాది?"

పిల్లలు నవ్వారు. ఆయన స్వయంగా ఆఫీసు గదికి పోయి అట్ట ఊడిన నిఘంటువు తెచ్చారు. నా ముందే పేజీలు తిప్పారు. లేదు. నేనూ చూశాను. నిజంగానే లేదు.

"సూడు. లేని మాటలు పిల్లోళ్లకు చెప్తే రేపు ఎవురు జవాబు చెప్పాల? చెరుపమ్మా."

డస్టరు లోపల ఉండిపోయింది. అరచేత్తో చెరిపాను. ఆ అమ్మాయి తన పలక మీద రాసుకున్నదాన్ని తానే చెరిపేసుకుంది, ఎవరూ చెప్పకుండానే. నాకు ఎక్కువ మండింది దానికే.

ఆ రోజు నుంచి స్టాఫ్‌రూములో నాకు పేరు మారిపోయింది. "అప్రిసిటీ మేడంకు టీ ఇచ్చినారా?" "అప్రిసిటీ మేడం ఈ పొద్దు రాలేదా, మబ్బు పట్టిందే!" నవ్వినవాళ్లందరూ నాకు గుర్తున్నారు. వాళ్ల ఇళ్లలో పెళ్లిళ్లకు పోలేదు. హెడ్‌మాస్టరు రిటైరైన రోజు సభకు పోలేదు, ఇంటికి పంపిన స్వీటు పెట్టెను వచ్చిన దారినే తిప్పి పంపాను. పై అధికారికి రెండు పేజీల అర్జీ పెట్టుకున్నాను. పాఠ్యపుస్తకంలోని పదాలకే పరిమితం కావలసిందని ఒక్క వాక్యం జవాబు వచ్చింది. ఆ జవాబు నా ఫైలులో ఉంది. ఆ ఫైలులో ఇంకా చాలా ఉన్నాయి, అవి ఇక్కడ అక్కర్లేదు.

కోపం ఒక ఎత్తు. దాని కింద ఒక భయం ఉండేది, అది ఎవరికీ చెప్పలేదు. నిజంగానే ఆ మాట లేదేమో. పేపరువాళ్లు పొరబడ్డారేమో, నేనే సరిగా రాసుకోలేదేమో. అలాగైతే నేను నలభై మంది పిల్లలకు అబద్ధం చెప్పినట్టు, ఆయన నన్ను ఆపినట్టు. కర్నూలు లైబ్రరీకి పోయి చూద్దామంటే అక్కడి పెద్ద నిఘంటువులో మొదటి సంపుటం బైండింగుకు పోయింది. రెండుసార్లు పోయాను, రెండుసార్లూ బైండింగులోనే ఉంది. ఆ తరువాత పోలేదు. చేతిలోకి ఫోను వచ్చాక ఒక్క నిమిషంలో తేలిపోయేది. వెతకలేదు. ఉంటే సరే. లేకపోతే? పాతికేళ్లుగా మోసిన కోపాన్ని ఎక్కడ దించుకోవాలి? ఎవరి దగ్గరికి పోయి క్షమాపణ చెప్పాలి?

మా ఆయన కడప మనిషి. రిటైరయ్యాక మేం ఇక్కడే స్థిరపడ్డాం. ఎప్పుడైనా ఈ మాట ఎత్తితే చాలు, "ఏమే, ఇంగా దాన్ని ఇడిసిపెట్టలేదా? సూసుకుంటే పోతాది గదా" అని ఫోను నా ముందు పెడతాడు. నేను వంటింట్లోకి వెళ్లిపోతాను.

మొన్న జనవరిలో బతికున్నట్టు రుజువు ఇవ్వడానికి ట్రెజరీ ఆఫీసుకు వెళ్లాను. పెన్షను తీసుకునేవాళ్లం ఏడాదికోసారి ఇవ్వాలి. ఇంట్లో కూర్చొని ఫోనుకు ముఖం చూపించినా సరిపోతుందట. నేను బతికున్నానని నా ముఖం సాక్ష్యం చెప్పాలంటే మనిషి ఎదుటే చెబుతుంది. పొద్దున్నే పోయాను. వరండాలో నీడ, చల్లగాలి. వేలిముద్రల మిషను మీద బొటనవేలు పెట్టాను. ఎర్రలైటు. చూపుడువేలు పెట్టాను. ఎర్రలైటు. మిషను దగ్గరున్న అమ్మాయి నా చెయ్యి పట్టుకొని చూసింది.

"వేళ్లు మంచుగడ్డల మాదిరి ఉండాయి మేడం. గీతలు పడ్తాలేదు. రోంతసేపు ఎండకు కూసోని రాండి. పొద్దున్నుంచి అందరిదీ ఇదే కత."

నేను బతికున్నానో లేదో ఎండ తేల్చాలన్నమాట. విసుక్కుంటూ బయటికి వచ్చాను. ఆఫీసు తూర్పు గోడ కింద సిమెంటు అరుగు మీద వేళ్లు పడని ముసలివాళ్లు వీపుకూ ఎండ తగిలేలా ఓరగా, వరసగా కూర్చొని చేతులు ఎండకు చాపుకొని ఉన్నారు. చివర ఒక్కరికి చోటుంది. కూర్చున్నాక పక్కకు చూస్తే మా హెడ్‌మాస్టరు.

లేచిపోదామనుకున్నాను. అప్పటికే వీపుకు ఎండ తగిలింది. లేవబుద్ధి కాలేదు.

"మేడం, మీరేనా? బాగుండారా? నా వేలు కూడా పళ్లేదు" అని బొటనవేలు చూపించారు. బాగా చిక్కిపోయారు. కొడుకు ఉద్యోగం కడపలోనట, ఆయనా ఇక్కడికే వచ్చేశారట. చెవుల మీదికి మఫ్లరు.

"బాగున్నాను సార్."

"ఇంగా కోపంగా ఉండారా? స్వీటు పెట్టె తిప్పి పంపిస్తిరి. ఎందుకో నాకు ఈ పొద్దుటికీ తెలీదు."

తెలీదట! నేను పాతికేళ్లు పేర్లు, తేదీలతో సహా మోసింది ఆయనకు తెలీదట. మొత్తం చెప్పాను. తూర్పు గోడ, చుట్టే బోర్డు, ఎలక్ట్రిసిటీ, పబ్లిసిటీ, అరచెయ్యి, ఆ అమ్మాయి పలక. పక్కనున్నవాళ్లు కూడా చేతులు చాపుకొనే వింటున్నారు. ఆయన మఫ్లరు చెవుల మీంచి కిందికి లాగి విన్నారు.

"మాట గుర్తు లేదమ్మా. ఆ పొద్దు గుర్తుండాది. ఇన్‌స్పెక్షనుకు వస్తాండారని కబురొచ్చింది. గదిలోకి తొంగిచూస్తే పిల్లోళ్లు ఒక్కరూ లేరు. నా గుండె జారిపాయ. బయటికొస్తే అందరూ గోడ కింద ఎండలో."

"ఆ భయానికి నా మాట చెరిపిస్తారా?"

"తప్పేలేమ్మా. పిల్లోళ్ల ముందర అనకుండా ఉండాల్సింది." నా వైపు తిరిగారు. "అయినా అడుగుతాండా. ఆ మాట ఉండాదా, లేదా?"

నేను నా చేతులకేసి చూసుకున్నాను. ఆయనకు అర్థమైంది. ఎంతైనా హెడ్‌మాస్టరు.

"మీరు సూసుకోనేలేదా?"

"లేదు సార్."

"ఇన్నేండ్లూ?"

"లేదు."

జేబులోంచి ఫోను తీసి నా చేతిలో పెట్టారు. "నాకు ఆ సన్న అక్షరాలు కనపడవు. మీరే కొట్టండి. లేకుంటే మీరు స్వీటు పెట్టె తెచ్చియ్యాల. ఉంటే నేను తెస్తా."

అరుగు మీద ఉన్న అందరూ నా వైపే చూస్తున్నారు. ఒక్కో అక్షరం కొట్టాను. చివరి అక్షరం కొట్టాక కళ్లు మూసుకున్నాను. సిగ్గెందుకు, నిజంగానే మూసుకున్నాను.

"ఏమమ్మా? ఏమొచ్చింది?"

ఉంది.

చలికాలపు ఎండ వెచ్చదనం. నోటుబుక్కులో నేను రాసుకున్న అర్థమే, దాదాపు అవే మాటలు. పైకి చదివి వినిపించాను. నాలుగు వందల ఏళ్ల కిందట, కఠినపదాలకు అర్థాలు చెప్పడానికి వేసిన ఒక నిఘంటువులో దీన్ని ఎక్కించారట. లాటిను నుంచి వచ్చిందట. ఎండ కాగడం అనే అర్థమిచ్చే ఇంగ్లీషు క్రియ కూడా దాని తోబుట్టువే. అయితే ఆ కాలంలో నిఘంటువు బయట దాన్ని ఎవరూ వాడిన జాడ లేదట. కవులు కూడా పట్టించుకోలేదు. ఈమధ్యే కొందరు బయటికి తీసి ముచ్చటపడి వాడుతున్నారట.

నాకేమైందో చెప్పలేను. పెద్ద సంతోషం కాదు, గెలిచిన గర్వం అంతకన్నా కాదు. చాలాకాలంగా బిగపట్టిన ఊపిరి వదిలినట్టయింది. ఆ అమ్మాయికి నేను అబద్ధం చెప్పలేదు. ఆమె ఇప్పుడు ఎక్కడుందో తెలీదు. అయినా చెప్పలేదు.

"అయితే ఎవురూ వాడని మాటంట గదా" అన్నారు హెడ్‌మాస్టరు మెల్లగా. "ఆ లెక్కన నేను సగం కరెక్టే."

"సగం కాదు సార్. వీసమెత్తు కూడా కాదు."

ఆయన నవ్వారు. మొదట పళ్లు బిగించుకున్నాను గానీ, నాకూ నవ్వొచ్చింది. అరుగంతా నవ్వింది. ఈసారి నవ్వినవాళ్లను గుర్తు పెట్టుకోవాలనిపించలేదు.

అంతలో మిషను దగ్గర వేలు పడని ఇంకో ముసలాయన చేతికర్ర ఊపుకుంటూ, గొణుక్కుంటూ బయటికి వచ్చాడు. హెడ్‌మాస్టరు జరిగి చోటిచ్చారు.

"రాప్పా, ఈడ కూసో. ఈడ శానా అప్రిసిటీ ఉండాది."

"అదేందప్పా? యాడుండాది? నాకు కనపడ్తాలేదే."

"కండ్లకు కనపడదు. కూసుంటే ఈపుకు తెలుస్తాది."

ఆయన కూర్చున్నాడు. కాసేపటికి "ఆ" అన్నాడు. అంతే.

ఇంతకన్నా మంచి అర్థం నేను క్లాసులో చెప్పి ఉండేదాన్ని కాదు. నాలుగు వందల ఏళ్లు వాడకం లేని మాటను మా సీమలో వాడుకలో పెట్టింది, దాన్ని చెరిపించిన మనిషే. ఆ మాట మాత్రం నా నోటి నుంచి ముందు రావలసింది. ఇది కూడా గుర్తుంచుకుంటాను.

అమ్మాయి పిలిచింది. బొటనవేలు పెట్టాను. పచ్చలైటు. "మేడం, బతికే ఉండారు!" అంది. బయటికి వచ్చేసరికి ఎండ ముదిరింది. పదిన్నర దాటితే కడపలో అది అప్రిసిటీ కాదు, ఎండే. అరుగు మీది వాళ్లందరూ గొడుగులు, తువ్వాళ్లు నెత్తిన పెట్టుకొని నీడకు పోతున్నారు. హెడ్‌మాస్టరు కూడా మఫ్లరు విప్పి చంకలో పెట్టుకున్నారు.

"స్వీటు పెట్టె పంపిస్తా. ఈసారన్నా తీసుకుంటారా?"

"ఏం స్వీటో చూసి చెబుతాను సార్."

ఇంటికి వచ్చి ఫైలు తీశాను. పై అధికారి పంపిన ఒక్క వాక్యం జవాబు తీసి పొయ్యిలో వేయమని మా ఆయన చేతికిచ్చాను. ఆయన మొత్తం ఫైలు కోసం చెయ్యి చాపాడు. మిగతాది ఇవ్వలేదు.