పచ్చికబయలు ప్రయాణికులు

ఎడెల్మీరా కితియాన్‌కు కోపం వస్తే ఎల్ మిర్లో కొండ మీద కుక్కలు కూడా పక్కకు తప్పుకునేవి. రానిదెప్పుడని అడిగితే మాత్రం ఎవరూ చెప్పలేరు. కొలంబియా రాజధాని బొగోతా దక్షిణపు అంచున, ఆ కొండ మీద ఇళ్ళకన్నా పొదలే ఎక్కువగా ఉన్న రోజుల్లో ఒక సిమెంటు బస్తాతో, ఇద్దరు పిల్లలతో ఎక్కి వచ్చిన మనిషి. ఆమె ఇల్లు ఒక్కో ఆదివారం ఒక్కో గోడగా లేచింది. స్లాబు వేసిన ఆదివారం వీధి వీధంతా వచ్చి వరసగా నిలబడి బకెట్లు అందించింది. ఆమె పెద్ద డేగిశాలో కోడి, దుంపలు, అరటికాయలు వేసి పులుసు కాచి అందరికీ కడుపునిండా పోసింది. తర్వాత ఆ స్లాబు మీద పెద్దకూతురు నీడియా ఇల్లు కట్టుకుంది. నీడియా స్లాబు మీది జాగాను ఆమె మరిది కొనుక్కుని ఇంకో ఇల్లు లేపాడు. అక్కడ నేల ఒకరు కొంటారు, దాని పైన గాలి ఇంకొకరు కొంటారు. ఎల్ మిర్లోలో ఇళ్ళన్నీ అలా ఒకరి నెత్తిన ఒకరు కట్టుకున్నవే.

ఆమె బతుకంతా దిగడం, ఎక్కడం. తెల్లవారకముందే మెట్లు దిగి, బస్సులు మారి, నగరం ఉత్తరాన డబ్బున్నవాళ్ళ ఇళ్ళు తుడిచి, చీకటి పడ్డాక మళ్ళీ మెట్లెక్కి వచ్చేది. అరవై దగ్గర పడేసరికి మోకాళ్ళు అరిగిపోయాయి. ఆస్పత్రిలో మెట్లు మానేయమన్నారు. మానేయడానికి అవేమైనా సిగరెట్లా? కొండ మీదికి కేబుల్ కారు రావాలి, లేదంటే చేతులారా కట్టుకున్న ఇల్లు వదిలేసి కింద ఎక్కడో అద్దె గదిలో పడి ఉండాలి. మూడో దారి లేదు. అందుకే కొండ సంఘానికి అధ్యక్షురాలై, కేబుల్ కారు కోసం ఏళ్ళ తరబడి ఆఫీసుల చుట్టూ కాళ్ళరిగేలా తిరిగింది.

చివరికి ఒక ప్రణాళికాఫీసు కదిలింది. మెడలో కార్డులు వేసుకున్నవాళ్ళు ఇంటింటికీ వచ్చి, ఇంట్లో ఎందరుంటారు, ఎక్కడికి పనికెళ్తారు, ఎలా వెళ్తారు అని అడగడం మొదలుపెట్టారు. కొండంతా ఉలిక్కిపడింది. అక్కడ ఇంటి వాలకం చూసి ప్రతి ఇంటికీ ఒకటి నుంచి ఆరు దాకా సర్కారు ఒక తరగతి కడుతుంది. తరగతి పెరిగిందా, నీళ్ళ బిల్లు, కరెంటు బిల్లు పెరిగినట్టే. లోపల టైల్సు పరిచిన ఇంటికి కూడా వీధివైపు గోడకు ప్లాస్టరింగు చేయించరు, ఇటుకలు కనబడేలా వదిలేస్తారు. ప్రశ్నలు పట్టుకుని వచ్చినవాడు ఎవడైనా తరగతి పెంచడానికే వచ్చాడని కొండవాళ్ళ నమ్మకం. ఎడెల్మీరా నమ్మకమూ అదే, కేబుల్ కారు కోసమే అడుగుతున్నామన్నా ఆమె నమ్మలేదు. ఇంట్లో ఇద్దరమే ఉంటామనండి, పైఅంతస్తులు ఖాళీ అనండి, ఎక్కడికీ వెళ్ళమనండి అని వీధి పైనుంచి కింది దాకా కబురు పంపింది ఆమే. అందరూ అలాగే అన్నారు. ఆమె కూడా పని దుస్తుల మీద కోటు కప్పుకుని గడపలో నిలబడి, తాను ఇంటిపట్టునే ఉంటానని చెప్పింది.

కొన్ని నెలలకు సంఘం హాల్లో మీటింగు పెట్టారు. ప్రణాళికాఫీసు నుంచి వచ్చినాయన బెహరానో అనే ఇంజనీరు. ఆఫీసులో కుర్చీ ఉన్న ప్రతివాణ్ణీ అక్కడ డాక్టరనే పిలుస్తారు కాబట్టి ఆయనా డాక్టరే. ప్రొజెక్టరు పెట్టి గోడ మీద రంగుల పటం వేశాడు. దారి వేస్తే నేల విలువ మారుతుందని, విలువ మారితే అక్కడ లేచే ఇళ్ళూ ఉండే మనుషులూ మారతారని, ఆ మనుషులకు మళ్ళీ కొత్త దారులు కావలసి వస్తాయని, ఈ చక్రాన్ని ఇరవై ఏళ్ళు ముందుకు తిప్పి చూపే లెక్క తమ కంప్యూటర్లో ఉందని ఓపిగ్గా చెప్పాడు. ఆ లెక్కలో ఎల్ మిర్లో పాలిపోయి ఉంది. అక్కడ ప్రయాణికులు లేరు. కేబుల్ కారు పక్క కొండకు వెళుతుంది.

పక్క కొండ మీద ఉన్నవి ఆవులు. ఒక కంపెనీ కొని కంచె వేసి ఉంచిన పచ్చికబయలు అది. కానీ లైను వస్తే అక్కడ టవర్లు లేస్తాయట, టవర్లలోకి జనం వస్తారట, ఆ జనం కేబుల్ కారెక్కుతారట. ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం. కట్టని టవర్లలోని రాని మనుషులకు సీట్లు సిద్ధమైపోయాయి. రోజూ ఆ మెట్ల మీద రొప్పేవాళ్ళకు మాత్రం లేవు. ఒళ్ళు మండదా మరి?

ఎడెల్మీరా లేచి నిలబడింది.

"మేం అబద్ధం చెప్పాం డాక్టరుగారూ. చెప్పించింది నేనే. మా ఇంట్లో మూడంతస్తుల్లో తొమ్మిదిమందిమి ఉంటాం. పని చేసేవాళ్ళమంతా పొద్దున్నే దిగిపోతాం."

వెనక నుంచి, వీధి మూల కొట్టు నడిపే ప్లీనియో ఆమె కోటు పట్టి లాగాడు. "కూచోండి ఎడెల్మీరమ్మగారూ. మీ కేబుల్ కారు సంగతేమో గానీ, ముందు మా కరెంటు బిల్లు కొండెక్కేట్టుంది."

ఆమె కూర్చోలేదు. బెహరానో కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. తనకూ అనుమానం వచ్చిందని, మేడల మీద ఆరేసిన బట్టలు చూశానని ఒప్పుకున్నాడు. కానీ జనం చెప్పిందే లెక్కలోకి ఎక్కించాలి తప్ప తాము చూసింది ఎక్కించకూడదన్నాడు.

"అన్ని బట్టలు చూసి ఇద్దరని రాసుకున్నారా?" అంది ఎడెల్మీరా. "మేం బిల్లుకి భయపడి అబద్ధమాడాం. మీరు దేనికి భయపడి నమ్మారు?"

ఆయన కళ్ళద్దాలు పెట్టుకున్నాడు. సర్వే మళ్ళీ చేయిస్తానని, ఆ వివరాలు బిల్లులవాళ్ళకు చేరవని మాటిచ్చి వెళ్ళాడు. ఆ మాట జనం నమ్మేలా చేసే పని మాత్రం ఎడెల్మీరా మోకాళ్ళ మీద పడింది. గుమ్మం గుమ్మం తిరిగింది. కొందరు మొహం మీదే తలుపు వేశారు. అబద్ధం నేర్పిందీ మీరే, ఇప్పుడు నిజం నేర్పేదీ మీరేనా అని ప్లీనియో ఎద్దేవా చేశాడు. ఆ మాట నిజమే, అందుకే ఇంకా మండింది. అయినా అతని కొట్టు ముందు నుంచి కదలకుండా నిలబడి, అతని ఇంట్లో ఉన్న ఏడుగురి పేర్లూ చెబుతానని అతని దగ్గర మాట తీసుకునే వెళ్ళింది.

రెండో మీటింగులో పటం మీద ఎల్ మిర్లో మిరపపండులా ఎర్రబడింది. స్టేషను ఈ కొండకే అన్నాడు బెహరానో. హాలంతా ఈలలు, చప్పట్లు. నీడియా తల్లిని కావలించుకుంది. మోకాళ్ళ బాధ తీరినట్టేనని ఎడెల్మీరా కళ్ళు తుడుచుకుంటూ ఉండగానే, బెహరానో పటాన్ని ఇరవై ఏళ్ళు ముందుకు జరిపాడు. ఎర్ర కొండ మెల్లగా నీలంగా మారింది.

నీలం అంటే ఏమిటని ఆమె అడిగింది. ఎక్కువ ఆదాయమున్న కుటుంబాలని ఆయన చెప్పాడు.

"మరి మేం?"

బెహరానో వేలు పటం మీద దక్షిణానికి జరిగింది. నగరం అంచు దాటింది, పటం దాటింది, వెలుతురు పడని ఉత్త గోడ మీద ఆగింది.

"అక్కడికి కేబుల్ కారుందా?"

"ఇంకా లేదమ్మా."

పొమ్మనలేక పొగబెట్టడమంటే ఇదే. ఎవరూ మెడ పట్టి గెంటరు. పన్ను పెరుగుతుంది, అద్దె పెరుగుతుంది, ఒకరోజు మంచి చొక్కా వేసుకున్నవాడు వచ్చి మంచి ధర చెబుతాడు. ఎవరినీ బలవంతపెట్టరమ్మా, తమంతట తామే అమ్ముకుని వెళతారని బెహరానో అన్నాడు. ఆయన చెడ్డవాడు కాడు. చెడ్డవాడైనా బాగుండేది, తిట్టడానికి ఒక మొహం దొరికేది.

"మేం అమ్మం. ఆ ముక్క మీ లెక్కలో వేయండి" అంది ఎడెల్మీరా.

"అలా వేయడానికి అందులో గడి లేదమ్మా."

"లేకపోతే గీయండి. ఆవులు మేసే చోట పుట్టని మనుషుల్ని గీశారు. ఉన్నవాళ్ళకి ఒక గడి గీయలేరా?"

చప్పట్లు ఎప్పుడు ఆగిపోయాయో తెలియదు. ప్లీనియో లేచి గొంతు సవరించుకున్నాడు. లైను వచ్చాక కొట్టుకీ, దాని మీది అంతస్తుకీ కలిపి ఎంత పలకొచ్చు డాక్టరుగారూ అని మర్యాదగా అడిగాడు. నలుగురైదుగురు ముందుకు వంగారు, వాళ్ళకూ వినాలని ఉంది.

బెహరానో నోరు తెరిచేలోపు ఎడెల్మీరా వెళ్ళి పటానికి అడ్డంగా నిలబడింది. కొండ నీలమంతా ఆమె కోటు మీద పడింది.

"ముందు నా గడి గీయండి. ఆయన ధర తర్వాత చెబుదురు గాని" అంది.